లేని నిలువుటంగీ

యాంగ్‌త్సీ మహానదికి దక్షిణముననున్న పల్లపుసీమలలో పుల్లని ప్లమ్ పండ్లు పసుపుపారు ఋతువున గురియు వాన వానవలె గురియదు. ఉఱుము లేదు మెఱుపు లేదు ధారాసంపాతఘోషము లేదు. దూదేకునప్పుడు లేచు నూగువలె నాకసమునుండి యొక సన్నని తడి యహోరాత్రము దిగివచ్చి నాట్లువేయు స్త్రీల వెదురుటోపులమీద ముత్యములై నిలిచి పట్టుపురుగుల తట్టలకు బూజు పట్టించి గోడల సున్నమును జెమర్పించి మూసిన పెట్టెలలోని పండుగబట్టలకు ముక్కవాసన నంటించి తుదకు మనుష్యుల మనస్సులలోగూడ నొకవిధమైన పులుపును బుట్టించును. మరకతశిలాఫలకములవలె నిశ్చలములైన కాలువలు ఆకాశమేదో నీరేదో తెలియనీయక వంతెనల రాతికమానులను తలక్రిందులుగా ధరించియుండును. గేదెలు మెడలవఱకు మునిగి కనులు మూసికొని లోకముమీద నలిగినట్లుండును.

అట్టి యొక మధ్యాహ్నమున నూతనప్రభుత్వము వచ్చిన నాలుగవ యేట షిచియావ్ గ్రామపు రేవునకు సినిమా పడవ వచ్చి తాకెను. అందు నూనెగుడ్డలలో జుట్టిన చలనచిత్రయంత్రమును దానికి విద్యుత్తు నిచ్చు చిన్న యింజనును ఫిలిం డబ్బాలును వానికి గావలియున్న యూ లాన్ అను యంత్రచాలకురాలును మఱియు నా చిత్రములో దుష్టభూస్వామి వేషము ధరించిన ప్రసిద్ధనటుడు తాన్ వెన్‌షూయు నుండిరి. బొమ్మ చూపిన పిదప నటుడు ప్రజలయెదుట నిలిచి వారి యభిప్రాయములను వినవలెననుట స్టూడియో నియమము.

తాన్ వెన్‌షూ షాంఘై నగరపు రేవుకూలి కొడుకు. కావడిబద్ద భుజమును దినివేయగా తండ్రి రక్తము గ్రక్కుకొని రేవుమెట్లమీదనే చచ్చెను. కొడుకు బడి మొగము చూడలేదు. తిరుగుడు నాటకముఠాలో తెరలాగి దెబ్బలు తిని యన్నము తిని మాటలులేని సినిమాల కాలమున శవముగా బండుకొను వేషముతో తెరకెక్కెను. శవముగా మెప్పు గన్న పిదప వానికి వడ్డీవ్యాపారి వేషమును గూఢచారి వేషమును దొరకెను. ఉలితో జెక్కినట్లు పొడుచుకొనివచ్చిన చెక్కిళ్లును సూదిగాటువంటి పెదవులును గల యా వదనమును జూచి దర్శకులందఱు విధాత వీనిని దుష్టునిగా జేసియే పంపెనని నిశ్చయించుకొనిరి. చప్పట్లు నాయకునివి. ఉమ్ములు వీనివి. కూరలంగడిలో స్త్రీలు వీని మొగము చూచి కుళ్లిన ముల్లంగి నేరి తట్టలో వేసెడివారు. యౌవనమంతయు నట్లు గడచిన తరువాత స్టూడియో ప్రభుత్వపరమై నీ తండ్రి యెవడని ప్రతివానిని నిలదీయు దినములు వచ్చెను. పట్టుబట్టల నాయకులు తలలు వంచుకొన్నచోట కూలివాని కొడుకు తలయెత్తి నిలిచెను. ఈ భూస్వామి వేషము ముగియగానే రాబోవు చిత్రములో రేవుకూలీల నాయకుని వేషము నీదేయని పెద్దలు మాట యిచ్చిరి. జీవితకాలము ఉమ్ములు తిని బ్రతికినవానికి ఒక్కమాఱు మంచివాడుగా తెరమీద నిలుచుట యెట్టిదో అది యెఱుగనివారికి జెప్పిన దెలియదు. అందును అది తన తండ్రి వేషము. వాడు దానికొఱకు నద్దము ముందు నిలిచి వట్టి భుజముమీద లేని కావడిని మోయ నారంభించియుండెను.

వేషము వేయుటకు ముందు నటుడు పల్లెకు బోయి ప్రజలతో దిని ప్రజలతో బనిచేసి వారి బ్రతుకును బ్రతుకవలెననుట ఆ కాలపు మఱియొక నియమము. తత్కారణమున గడచిన హేమంతమున తాన్ ఈ షిచియావ్ గ్రామముననే రైతుసంఘాధ్యక్షుడగు మెంగ్ దాషాన్ యింట బస చేసెను. మెంగ్ తల్లి వానికి వెదురుమొలకల కూర వండిపెట్టి నాయనాయని పిలుచుచు నిప్పులకుంపటియొద్ద గూర్చుండి తన పెద్దకొడుకు కథ చెప్పెను. వాడు పడవవాడు. శత్రుసైన్యములు వచ్చిన యేట నొక మంచుకురియు వేకువను పడవ విప్పుకొని పోయెను. పడవ రాలేదు పీనుగు రాలేదు కబురును రాలేదు. ఆ కథ తాన్ హృదయమున నాటుకొనెను. షాంఘైకి మరలిన పిదప చిత్రరచయితతో దేనీరు త్రాగుచు దానిని జెప్పెను. చెప్పవలసిన పని లేకున్నను జెప్పెను. నటులు నోరు కట్టుకొని యుండలేరు.

రైతులు భూస్వామిని దమ రెట్లు ద్వేషించిరో వానికి నేర్పగలిగిరి. భూస్వామి యెట్లు నడచునో నేర్పలేకపోయిరి. ఆ విద్యకు గావ్ షౌయీ యను వృద్ధుడు గలడు. ఊరిలో సగముభూమి యొకప్పు డతనిది. అది పంచివేయబడిన దినమున సభామధ్యమున నతని పాదములదాక వ్రేలాడు నిలువుటంగీని ఒలిచి కురుచచొక్కా తొడిగి చేతికి చీపురిచ్చి ప్రతిదినము వంతెన యూడ్వుమని యాజ్ఞాపించిరి. నిలువుటంగీ పోయెను గాని చేయి దానిని మఱవలేదు. గడప దాటునపుడెల్ల నతని కుడిచేతి రెండువ్రేళ్లు తొడప్రక్కన గాలిని చిటికెడు పట్టి పైకెత్తును. చిటికెనవ్రేలు విఱిగినదానివలె వంగక నిలుచును. దగ్గు వచ్చిన మొగము నెడమకు ద్రిప్పి చేతిమడతతో పెదవు లద్దుకొనును. తాన్ మెంగ్ యింటి కిటికీలోనుండి కొన్నినాళ్లు పొంచిచూచి యొకనాడు వంతెనమీద నెవరును లేని తరి దగ్గఱకు బోయి పడవనుండి దిగునపుడు అంగీయంచు నెట్లు పట్టెడివారు పెద్దాయనాయని యడిగెను. ముసలివాడు మొదట బెదరెను. అటుపిమ్మట చీపురు గోడకు జేర్చి నడుము నిలిపి పడవదిగుట యొకటి తడిమెట్లెక్కుట యొకటి న్యాయాధికారి యెదుటికి బోవుట యొకటి అని వేర్వేఱుగా నడచి చూపెను. భూమి పోయిన తరువాత నతనిని మర్యాదగా నొకమాట యడిగినవాడు తాన్ ఒక్కడే.

గావ్ పుణ్యపురుషుడని చదువరులు భ్రమపడరాదు. కఱవుకాలమున గాదెలకు తాళములు వేసినవాడే. కౌలుదారుల యెడ్లను తోలించుకొనినవాడే. కాని నరహంత కాడు. ఈ రెంటికి నడుమనున్న దూరము కొంచెమే కావచ్చును. ఆ కొంచెములోనే నాడొకని ప్రాణము నిలిచియుండెను.

వానవలన బయట తెర కట్ట వీలుగాక వంశపెద్దల పూజామందిరమందు కిటికీలకు బొంతలు దిగవేసి చీకటి కల్పించిరి. ఊరందఱు బల్లలమీద గిక్కిఱిసిరి. తాన్‌ను ముందువరుసలో మెంగునకును అతని తల్లికిని నడుమ గూర్చుండబెట్టిరి. నిఘాలోనున్న గావ్ కూడ బుద్ధితెచ్చుకొనుటకై బొమ్మ చూడవలెనను నుత్తరువున్నందున వెనుక స్తంభముచెంత నిలువబడెను. యూ లాన్ రేకుబూర నోటికి జేర్చి యా ప్రాంతపు మాటలలో కథ ముందుగనే చెప్పెను. భూస్వామి శత్రువులకు దారిచూపుటను ఒక పడవవాడు కనిపెట్టును. భూస్వామి వానిని నీట ద్రోయును. తుది డబ్బాలో ప్రజలు వానిని పట్టి కాల్చి చంపుదురు. ఇది విని యందఱు తృప్తితో పొద్దుతిరుగుడు గింజలు నమలసాగిరి.

తెరమీద పడవ గట్టునకు జేరెను. భూస్వామి రెండువ్రేళ్లతో నిలువుటంగీయంచు నెత్తి చిటికెనవ్రేలు నిలిపి కాలు మోపి మొగము నెడమకు ద్రిప్పి దగ్గెను. మందిరమొక్కసారిగా నవ్వెను.

"గావ్ దొరా, మాతో మాటైన జెప్పకయే సినిమాలో జేరితివా" అని యొకడు వెనుకకు దిరిగి యడిగెను. చీపు రెవరి కప్పగించి పోతివని మఱియొకడు. ఆ దగ్గు చూడుమే అచ్చముగా మన దొరదే, మా పెండ్లినాడు దీవించుటకు వచ్చి యిట్లే దగ్గి పోయినాడని యొక స్త్రీ తోడికోడలితో ననెను. తాన్ చీకటిలో గూర్చుండి యా నవ్వును వేడినీటివలె నొడలిమీద బోసికొనెను. తన పనితనము నిన్నాళ్లింత సూటిగా నెవరును గుర్తుపట్టి యుండలేదు. పొగడ్తకు మొగమువాచినవానికి అది యే ద్వారమున వచ్చుచున్నదో చూచు తీరిక యుండదు.

పిదప మంచు. పిదప పడవవాడు. భూస్వామి నగుమొగముతో వాని భుజముమీద జేయివేసి మాటలలో దింపి వెడలుపాటి కాలువనడుమ వెదురుగడతో తలమీద గొట్టి నీట ద్రోసి పైకి దేలిన చేతిని గడకొనతో నదిమిపట్టెను. ఆ చేయి చాలసేపు కదలెను. గింజలు నమలు చప్పుడాగిపోయెను. తాన్ ప్రక్కన నొక యూపిరి తెగి మరల నందుకొన్నట్లయ్యెను. అది మెంగ్ తల్లిది. తాను దేనీటితోపాటు రచయితకు బోసివచ్చిన దేమో వాని కప్పటికి దెలిసెను.

డబ్బా ముగిసెను. యంత్రమొక్కటే యగుటచే మఱియొక డబ్బా యెక్కించుటకు బొంత నెత్తి వెలుతురు రానిచ్చిరి. ఆ బూడిదవెలుతురులో మెంగ్ దాషాన్ లేచి నిలిచెను. అతడు అఱచువాడు కాడు. చివరి డబ్బా తరువాత వేయవచ్చు తొందరలేదని యూ లాన్‌తో ననెను. ఊరి కావలివారిద్దఱు ఎవరును చెప్పకయే తుపాకులు తీసికొని స్తంభమున కిరుప్రక్కల నిలిచిరి. జిల్లా కచేరికి గబురంపిన జాలును. హంతకుడని తేలిన భూస్వామికి ఆ దినములలో విచారణ యొక పూట శిక్ష యొక గుండు. ఈ సంగతి మందిరములో దెలియనివారు లేరు.

తాన్ లేచి యిది కథయని రచయిత షాంఘైలో గూర్చుండి కల్పించినదని చెప్పెను.

"రచయిత మా అన్న నెట్లెఱుగును" అని మెంగ్ అడిగెను.

"నేను జెప్పితిని. మీ యింట విని పోయి నేనే జెప్పితిని."

"మంచిది. మా అన్న నిజము. ఆ నడక నిజము, ఆ దగ్గు నిజము, ఊరంతయు జూచి నవ్వినది. మంచుకూడ ఆనాటిదే. అన్నియు నిజమై నడుమనున్న చంపుట మాత్రము కల్పన యందువా? సర్కారు తెలియకయే బొమ్మ తీయునా?"

బల్లల నడుమ ఔనను గుసగుస గాలివలె బాఱెను. యూ లాన్ దగ్గఱకు వచ్చి తాన్ గురువుగారూ ఈ చిత్రమును పైవారు చూచి ముద్ర వేసినారు, అబద్ధమను మాట నోట రానీయకుడని మెల్లగా హెచ్చరించెను. ఆమె చెప్పినది నిజమే. అబద్ధమనరాదు. నిజమనరాదు. ఆ నడక గావ్‌దని యొప్పుకొన్నచో హత్యయు గావ్‌దే యగును. ఈలోగా స్తంభముచెంత నున్న ముసలివాడు రెండడుగులు ముందుకు వచ్చెను. భయముచే గాదు. ఏదో విన్నవించుటకై మొగమెత్తి పెదవులు తడుపుకొనెను. నేనే వీనికి నడచి చూపితినని యతడు చెప్పబోవుచున్నట్లు తాన్ గ్రహించెను. ఆ వృద్ధునకు తన జీవితమున మిగిలిన గౌరవము ఆ పాఠమొక్కటే. దానిని దాచుకొనుట యతనికి జేతగాదు.

"ఆ నడక గావ్‌ది కాదు. నాది" అని తాన్ పెద్దగా ననెను.

ఎవడో నవ్వెను. మెంగ్ నవ్వలేదు. "చలికాలమంతయు మా యింట దింటివి, పండుకొంటివి. నీవట్లు నడచుట నేను జూడలేదే."

"అట్లు నడచిన మీరు నన్ను గడప త్రొక్కనిచ్చి యుందురా? నా తండ్రి కూలివాడు గాడు. సూచౌ దిక్కున మాకు భూములుండెడివి. నేను నిలువుటంగీలో బెరిగినవాడను. తెలిసిన స్టూడియో వెడలగొట్టునని రేవుకూలి కొడుకునని వ్రాయించితిని. మీ యింట చేతులు గట్టుకొని మెలగితిని. కెమెరా ముందు మాత్రము దాచలేకపోతిని. ఈ ముసలివాని నడక నా నడక యొక్కటే యైన దేల? భూస్వాములందఱు నట్లే నడుతురు."

ఆ మాట లెట్లు వచ్చెనో వానికే దెలియదు. ఒక్కొక్క మాటయు నోరు దాటునప్పుడెల్ల రేవుమెట్లమీద రక్తము గ్రక్కుకొని పడిన మనుష్యునిమీద నొక్కొక్క గంప మన్ను పోసినట్లుండెను. అంత మెంగ్ తల్లి కూర్చున్నచోటనుండియే నడిచి చూపుమనెను.

తాన్ బల్లల నడుమనున్న దారిలోనికి వచ్చెను. తెర లేదు. దీపములు లేవు. అంగీ లేదు. మోకాళ్లదాక బురదయైన నీలిరంగు పంట్లాముతో నతడు మందిరముయొక్క యీకొననుండి యాకొనకు నడచెను. తప్పటడుగు పడిన నొక మనుష్యుడు చచ్చును. కుడిచేతి రెండువ్రేళ్లు గాలిని బట్టెను. చిటికెనవ్రేలు నిలిచెను. తూర్పుగడపయొద్ద నాగక నటనయని తోపనీయక నిద్రలో నడచువానివలె దాటి మరల వచ్చెను. దగ్గు నిజముగనే వచ్చెను. మొగ మెడమకు దిరిగెను. తన చొక్కా చేతిమడతతో పెదవు లద్దుకొనెను. నవ్వుటకు సిద్ధపడినవారు నవ్వలేదు. వెనుకనుండి గావ్ షౌయీ కనులార్పక యా నడకను జూచుచు తన రెండుచేతులను వీపువెనుక గట్టిగా బిగించుకొనెను.

మెంగ్ తల్లి లేచి తాన్ యెదుటికి వచ్చెను.

"నా చేతి కూడు తింటివి. నాయనా యని పిలిపించుకొంటివి."

పిదప ఆమె కొడుకువైపు దిరిగెను.

"కూర్చో దాషాన్. మీ అన్నను ఈ ముసలివాడు చంపెనేమో నాకు దెలియదు, నీకు దెలియదు. తెలియనిదానికి నేను ప్రమాణము చేయను. వీని పాడు నడకను నమ్ముకొని నా బిడ్డ చావును తేల్చుకొందునా? బొంత దింపుడు. మిగిలినది చూచి పోదము" అని యామె వచ్చి తన చోట గూర్చుండెను. కూర్చుండునపుడు తాన్ కూర్చున్న బల్లవైపునుండి చెంగు లాగుకొన్నట్లు తన చొక్కాయంచును దగ్గఱకు లాగుకొనెను.

మెంగ్ నిలిచియే యుండెను. తల్లి మాట యొకవైపు, ఇన్నేండ్లకు దొరకిన హంతకు డొకవైపు. కొంతసేపటికి కావలివారివైపు జూచి గడ్డ మూపెను. తుపాకులు గోడకు జేరెను. తుది డబ్బా తిరిగెను. తెరమీద భూస్వామి గుండు దెబ్బతిని బురదలో బొర్లెను. చప్పట్లు కొట్టవలెనో కూడదో తెలియక కొందఱు కొట్టిరి.

ప్రజాభిప్రాయసేకరణ జరుగలేదు. పడవయొద్దకు బోవుదారిలో తాన్ ఆ నడకనే నడచెను. ఇండ్ల ముంగిళ్లలో నిలిచి ఊరు చూచుచుండెను గనుక వేఱొకరీతి నడుచుటకు వీలు లేదు. వంతెనమీద గావ్ ఎదురయ్యెను. ఒకరి నొకరు పలుకరించుకొనలేదు. ముసలివాడు చీపురును రెండుచేతులతో బట్టి బడిపిల్లవానివలె కాళ్లీడ్చుచు వంతెన దిగెను. అతని వ్రేళ్లు నాడు మొదలు గాలిని బట్టలేదట. అది యతని కెంత కష్టమైనదో యెవరు నడుగలేదు. పడవలో యూ లాన్ ఫిలిం డబ్బాలను లెక్క సరిచూచి నూనెగుడ్డ కప్పి నేను జరిగినది వ్రాసి యీయక తప్పదు తాన్ అనెను. గురువుగారను మాట రేవుననే దిగిపోయెను.

షాంఘైలో స్టూడియో కార్యదర్శి పెయ్ తలుపు మూసికొని తాన్‌ను గూర్చుండుమనెను. పెయ్ వెనుకటి నాటకముఠాలో విదూషకుడు. తెరలాగు తాన్‌తో నొక దుప్పటి క్రింద బండుకొన్నవాడు. యూ లాన్ వ్రాసియిచ్చిన కాగితము బల్లమీద నుండెను.

"మీ నాన్న పళ్లెములో చేయిపెట్టి తిన్నవాడను రా నేను. ఆయన భుజముమీద కాయలు గాచిన మచ్చలు నాకు దెలియును. ఎవనికి జెప్పుదువు ఈ భూముల కథ? ఆ ముసలివానిని దప్పించుటకు తొందరపడి యన్నాననుము. ఒక్క ముక్క చాలును. కూలీనాయకుని వేషము నీదే. నేను ఆ యూరికి జాబు వ్రాసి సరిదిద్దెదను."

"ఆ జాబెవరు చదువుదురు?"

"ఇంకెవరు, రైతుసంఘపు అధ్యక్షుడు మెంగ్."

తాన్ కిటికీవైపు జూచెను. క్రింద ఆవరణములో వడ్రంగులు రాబోవు చిత్రమునకు రేవుమెట్లు కట్టుచుండిరి. కొత్తపలకల వాసన గదిలోనికి వచ్చుచుండెను. మందిరములో మాట నోట జాఱినప్పుడు ఆలోచించుటకు వ్యవధి లేకుండెను. ఇప్పుడు వలసినంత వ్యవధి యుండెను. వేడిలో చేసిన త్యాగము సగము వేడి చేసినది. చల్లబడిన పిదప దానిని మరల జేయవలసివచ్చుటయే మనుష్యునకు నిజమైన పరీక్ష. ఆ పరీక్షకు ప్రేక్షకు లుండరు.

"నన్నేమి చేయుదురు?" అని తాన్ అడిగెను.

"దుష్టవేషములు కొన్నాళ్లిత్తురు. తరువాత అవియు నీయరు. సామానుల కొట్టు ఊడ్పించెదరు. వెన్‌షూ, మొండికేయకు. ముసలివాడు నీకేమగును?"

"ఏమియు గాడు."

"మఱి?"

"నా పత్రములో తండ్రి వృత్తి సరిచేసికొమ్ము. రేవుకూలి యని యున్నచోట భూస్వామి యని వ్రాయుము."

పెయ్ కలము ముట్టలేదు. తాన్ లేచి తలుపు తీసెను. నడవలో నటీనటులు గుంపుగూడి గుసగుసలాడుచు లోపలిమాట విన యత్నించుచుండిరి. వాన తలుపుసందుల వచ్చి గచ్చును దడిపియుండెను. ఇక్కడ నెవరు నిన్ను బరీక్షించుచున్నారురా, మామూలుగా నడువుమని పెయ్ వెనుకనుండి మెల్లగా ననెను. ఆ గొంతులో వెనుకటి విదూషకు డెచ్చటను లేడు.

తాన్ గడపముందు క్షణమాత్ర మాగెను. షిచియావ్ సంగతి యప్పటికే విన్న నడవలోనివా రందఱు మాటలాపి వాని కుడిచేతివంకనే చూచిరి. రెండువ్రేళ్లు దిగివచ్చి తొడప్రక్కన గాలిని బట్టెను. చిటికెనవ్రేలు నిలిచెను. లేని నిలువుటంగీయొక్క యంచు తడిగచ్చునకు దగులకుండ మెల్లగా పైకి లేచెను.